పద్దెనిమిదో ఎత్తు

పంచదార డబ్బాలో తడి చెంచా ఎవరు పెట్టారని ఆ ఉదయం మా అత్తయ్యకీ మామయ్యకీ మాటా మాటా పెరిగింది. డబ్బాలో సగం పంచదార గడ్డకట్టుకుపోయింది.

“ఈ ఇంట్లో చెంచా తుడిచి పెట్టాలని ఒక్కరికీ తోచదా?” అన్నారు మామయ్య.

“టీ కలుపుకున్నవాళ్లకి తోచాలి.”

“నేనింకా టీయే తాగలేదు.”

“రెండు కప్పులు తాగారు. సింకులో ఉన్నాయి, చూసుకోండి.”

“అవి నిన్నటివి.”

“నిన్నటివైతే ఇంకా వేడిగా ఎందుకున్నాయి? జ్వరం వచ్చిందా వాటికి?” అంది అత్తయ్య.

నేను మధ్యలో దూరలేదు. గరిటె వెనకవైపుతో గడ్డలు చిదుపుతూ గడియారం చూశాను. పది గంటలకి మామయ్య ఆఖరి ఆట. తొమ్మిదింటికల్లా బయల్దేరాలి.

మా మామయ్య మూడుసార్లు జాతీయ చదరంగం చాంపియన్. దేశ జట్టులో మూడో ఆటగాడిగా ఆరేళ్లు ఆడారు. నలభై ఏళ్ల కిందట ప్రపంచం మొత్తం భయపడే ఒక గ్రాండ్‌మాస్టర్‌ని ఇరవై ఒక్క ఎత్తుల్లో ఓడించారు. ఆ ఆట ఇప్పటికీ పుస్తకాల్లో అచ్చవుతూనే ఉంటుంది. ఎవరెవరో ఉత్తరాలు రాసి అడుగుతుంటే దాన్ని చేత్తో రాసి పంపడం నా పని. ఎన్నిసార్లు రాశానో, చిన్నప్పుడు నేర్చుకున్న ఎక్కాల్లా నోటికొచ్చేసింది. ఇన్ని చేసినా ఆయనకి మాస్టర్ బిరుదు రాలేదు. రెండుసార్లు అరపాయింటుతో తప్పిపోయింది. ఎవరైనా ఆయన్ని సభలో “మాస్టర్” అని పిలిస్తే అక్కడికక్కడే దిద్దేవారు. “కాదండీ, నేను ఉత్త ఆటగాణ్ణి.”

ఈ వృద్ధుల పోటీలో మొదటి స్థానం వచ్చినవాళ్లకి ఆ బిరుదు ఇస్తారు. ఎనిమిది ఆటలయ్యేసరికి ఆయనే ముందున్నారు. తొమ్మిదో ఆట డ్రా అయినా చాలు.

మూడేళ్లుగా ఆయనకి చూపు బాగా మందగించింది. బోర్డు మీద తెలుపూ నలుపూ కలిసిపోయి బూడిద రంగులో కనిపిస్తాయట. అలాంటివాళ్లు పక్కన ఒక సహాయకుణ్ణి పెట్టుకోవచ్చు. ఆ సహాయకురాలిని నేను. ఎదుటివాడి ఎత్తు ఆయనకి పైకి చెబుతాను, ఆయన చెప్పింది బోర్డు మీద వేస్తాను, గడియారం నొక్కుతాను, కాగితం మీద రాస్తాను. అంతకుమించి నోరు విప్పకూడదు. నిట్టూర్చినా ఆట తీర్పరి, అంటే ఆర్బిటర్, తల తిప్పి చూస్తాడు. చేత్తో తడిమి తెలుసుకునే బోర్డు ఒకటి ఇస్తామన్నారుగానీ మామయ్య వద్దన్నారు. “అరవై ఏళ్లుగా బోర్డు నా బుర్రలోనే ఉంది. ఇప్పుడు తడుముకోవాలా?” అన్నారు.

పోటీ హాల్లో మా ఎదుట కూర్చున్నాయన రిటైరైన పళ్ల డాక్టరు. ఆటకి ముందు మామయ్య చేయి రెండు చేతులతో పట్టుకుని, “మీతో ఆడానని మనవలకి చెప్పుకుంటాను” అన్నాడు.

“పన్ను పీకినట్టు నెమ్మదిగా ఆడండి. మాకు తొందర లేదు” అన్నారు మామయ్య. ఇద్దరూ నవ్వుకున్నారు.

ఆట మొదలైంది. ఐదో ఎత్తు రాస్తున్నప్పుడు నాకు అనుమానం వచ్చింది. పదో ఎత్తుకి అనుమానం తీరిపోయింది. ఇది ఆ పాత ఆటే. నల్లపావులతో డాక్టరు కావాలనే ఆ దారిలో వస్తున్నాడు. ఎక్కడో ఒకచోట పక్కకి తిరగాలని ఇంట్లో సాధన చేసుకుని వచ్చుంటాడు. ఆ చోటు పద్దెనిమిదో ఎత్తు. పాత ఆటలో అక్కడ నల్లగుర్రం ఎగిరి బంటుని కొట్టింది. డాక్టరు గుర్రాన్ని కదపకుండా రాజుని మూలకి జరిపాడు.

“రాజు మూలగడికి” అని స్పష్టంగా చెప్పాను.

మామయ్య తలూపారు. ఒక్క నిమిషం కూడా ఆలోచించలేదు. “మంత్రిని ముందుకి తియ్యి” అని గడి పేరు చెప్పారు. పాత ఆటలో పంతొమ్మిదో ఎత్తు అదే. ఈ ఆటలో దానికి అర్థం లేదు. అయినా నష్టమూ లేదు. ఆయన ఏదో కొత్తగా చూసి ఉంటారనుకుని వేశాను.

డాక్టరు చాలాసేపు ఆలోచించి ఒక బంటు జరిపాడు. జరిపి, “డ్రాకి ఒప్పుకుంటారా సార్?” అన్నాడు.

నా చేతిలో పెన్ను ఆగిపోయింది. ఒప్పుకుంటే చాలు. ఒక్కమాట చాలు.

మామయ్య ముఖం వెలిగింది. “ఆనాడూ సరిగ్గా ఇక్కడే అడిగారు” అన్నారు. “వద్దండీ. ఆడదాం.”

అప్పుడు అర్థమైంది నాకు. ఆయన మనసులో ఎదుట కూర్చున్నది డాక్టరు కాదు, ఆనాటి గ్రాండ్‌మాస్టర్. ఆర్బిటర్ నాలుగడుగుల దూరంలోనే నిలబడి ఉన్నాడు.

“ఏనుగుతో బంటుని కొట్టు.”

నేను కదల్లేదు. ఆ ఏనుగుని రాజు ఉత్తపుణ్యానికి తీసేసుకుంటాడు.

“వినపడలేదా అమ్మాయ్? ఏనుగుతో కొట్టమంటున్నాను.”

కొట్టాను. డాక్టరు నా వైపు చూశాడు, బోర్డు వైపు చూశాడు, మళ్లీ నా వైపు చూశాడు. అంత పెద్ద ఆటగాడు ఏనుగుని ఊరికే వదులుకుంటాడా, ఇందులో ఏ ఉచ్చు ఉందోనని పదిహేను నిమిషాలు వెతికాడు. ఉచ్చు లేదు. భయపడుతూనే తీసుకున్నాడు. “రాజు ఏనుగుని తీసుకున్నాడు” అని చెప్పాను. మామయ్య వెనక్కి వాలి చేతులు కట్టుకున్నారు.

“మంత్రి చివరి వరసకి. ఆట కట్టు.”

“వెళ్లదు మామయ్యా. దారిలో గుర్రం ఉంది.”

“గుర్రం ఎక్కడిది? పద్దెనిమిదో ఎత్తులో బంటుని కొట్టి వెళ్లిపోయిందిగా!”

ఆర్బిటర్ వచ్చాడు. నా కాగితం, డాక్టరు కాగితం పక్కపక్కన పెట్టి చదివాడు. రెండింటిలోనూ రాజే జరిగాడు. ఆ మాట మెల్లగా చెప్పి, చెల్లని ఎత్తు చెప్పినందుకు డాక్టరుకి రెండు నిమిషాలు ఎక్కువిచ్చి, మామయ్యని ఇంకో ఎత్తు వేయమన్నాడు.

“ఈ అమ్మాయి నాకు గుర్రం అని చెప్పింది. కాగితం మీద ఇంకోటి రాసింది” అన్నారు మామయ్య. హాల్లో అందరూ వినేటంత గట్టిగానే అన్నారు. “తప్పుగా చెప్పిన ఆట నేను ఆడను.” లేచి నిలబడ్డారు. గుమ్మం ఎటువైపుందో తెలియక అక్కడే ఆగిపోయారు. వెళ్లి చేయి పట్టుకున్నాను. విదిలించుకోలేదు. వేరే దారి లేదు కదా ఆయనకి.

డాక్టరు నోరు తెరిచాడు. నేను వద్దన్నట్టు చూశాను. ఊరుకున్నాడు. బిరుదు ఎవరికి వచ్చిందో కనుక్కోకుండానే వచ్చేశాం.

మా ఆయన లిఫ్టులు బాగుచేసే కంపెనీలో పనిచేస్తారు. చిన్నప్పుడు రోజూ తండ్రి చేతిలో ఓడిపోయి ఓడిపోయి ఒకరోజు బోర్డు అటకమీదికి విసిరేశారట. మళ్లీ ముట్టుకోలేదు. సాయంత్రం భోజనాల దగ్గర విషయం విని నా వైపు తిరిగారు.

“నువ్వు తప్పు చెప్పావా? నువ్వా? చాకలి పద్దులో ఒక రుమాలు తేడా వస్తే మొత్తం మూట విప్పించేదానివి!”

అత్తయ్య కూర వడ్డిస్తూ ఆగిపోయింది. నా సంచిలో ఆ కాగితం ఉంది. దాన్ని పాత ఆట పక్కన పెడితే ఆయన ఆడింది ఏ ఆటో ఎవరైనా చదువుకోవచ్చు. మామయ్య కంచంవైపు ముఖం పెట్టి వింటున్నారు. ఆయన వేళ్లు బల్లమీద ఒకచోట నిలవడం లేదు.

“అవునండీ. నాదే పొరపాటు” అన్నాను.

మామయ్య వేళ్లు ఆగాయి. “మనిషన్నాక పొరపాటు చెయ్యదా? దాన్నేం అనకండి” అన్నారు. కాసేపు తిన్నారు. తర్వాత గొంతు సవరించుకున్నారు.

“ఒక నిర్ణయానికి వచ్చాను. రెండు నెలల్లో ఇంకో పోటీ ఉంది. అక్కడా ఆ బిరుదు ఇస్తారు. దానికి వీడు కూర్చుంటాడు నా పక్కన.”

మా ఆయన నన్ను చూశారు. నేను తల అడ్డంగా ఊపి ఉండాల్సింది. కూరగిన్నె మీద మూత సర్దాను.

“సరే నాన్నా” అన్నారాయన.

“చాల్లెండి, సంబడం. వాడికి బంటుకీ మంత్రికీ తేడా తెలీదు” అంది అత్తయ్య.

“తెలియకపోతేనే మంచిది” అన్నారు మామయ్య. “నేను చెప్పింది చెప్పినట్టు రాస్తాడు.”