ఎర్ర గీతల అట్టముక్క

ఆదివారం కళ్లద్దాల దుకాణానికి సెలవు. షట్టరు సగం దించి, కళ్లు పరీక్ష చేసే గదిలో టేబులు చుట్టూ నాలుగు కుర్చీలు వేసింది అక్క. ఆడేది ముగ్గురే. ఆ నాలుగో కుర్చీ ఎందుకని ఎవరూ అడగరు. అడిగినవాళ్లకి ఆ పూట టీ దక్కదు.

అక్క అంటే ఆ దుకాణం యజమానురాలు. మిగిలిన ఇద్దరిలో ఒకడు గుండు, సిటీ బస్సు డ్రైవరు. తల నిండా జుట్టున్న రోజుల్లోనే వాడికా పేరు పెట్టారు. పెట్టిన పేరుకి న్యాయం చేయాలనుకుందో ఏమో, జుట్టు తర్వాత తీరిగ్గా ఊడింది. వారమంతా బస్సు నడుపుతాడు, ఆదివారం ఆట నడుపుతాడు. రెండోవాడు మరిది, అంటే అక్క చెల్లెలు చిట్టి మొగుడు. నాలుగో కుర్చీ చిట్టిది. కిందటి వానాకాలం జ్వరమని ఆస్పత్రిలో చేరిన చిట్టి మళ్లీ ఇంటికి రాలేదు.

వాళ్లాడేది పావులు జరిపే ఆట కాదు, నోటితో ఆడే కథ. ఒక్కొక్కరూ ఒక పాత్ర అయిపోయి ఆ పాత్రలాగే మాట్లాడతారు. దారిలో ఏం కనబడిందో, ఎవరు ఎదురయ్యారో గుండు చెబుతాడు. గెలిచారో ఓడారో పాచికలు చెబుతాయి. కత్తులూ గుహలూ ఉన్న ఒకే ఆటని ఏళ్ల తరబడి ఆడారు. చిట్టి పోయాక ఆమె పాత్రని కూడా అక్కే మాట్లాడించడం మొదలుపెట్టింది. ఒక వారం రాని మనిషి పాత్రని ఉన్నవాళ్లు ఆడించడం ఇలాంటి ఆటల్లో మామూలే. ఇక ఎప్పటికీ రాని మనిషిని ఏడాదిగా ఆడించడం మాత్రం ఎక్కడా మామూలు కాదు. ఆ సంగతి ముగ్గురికీ తెలుసు. తెలిసీ నోరు మెదపలేదు.

ఎందుకంటే అక్క నోట్లోంచి వచ్చేది అచ్చం చిట్టి గొంతే. కాస్త ముక్కుతో, కాస్త గారంగా. అది వింటున్నంతసేపూ మరిది మొహంలోకి రక్తం వచ్చేది. అక్కకైతే వారమంతా ఆ రెండు గంటల కోసమే గడిచేది.

పోయిన వారం ఆ పాత కథ ముగిసిపోయింది. ఇప్పుడు కొత్త ఆట ఎంచుకోవాలి. చిట్టికి యానిమే అంటే, ఆ జపాన్ బొమ్మల సినిమాలంటే ప్రాణం. అలాంటి ఆట ఆడదామని బతిమాలినప్పుడల్లా ముగ్గురూ నవ్వి కొట్టిపారేశారు. "ఆ బొమ్మలకి అంతంత కళ్లేమిటే, నా దగ్గర వాటికి సరిపడా ఫ్రేములు లేవు" అని అక్క ఆట పట్టించేది. బతికుండగా తీర్చని ముచ్చట ఇప్పుడు తీర్చాలని అందరికీ ఒకేసారి బుద్ధి పుట్టింది. మరిది మూడు పెట్టెలు మోసుకొచ్చి టేబులు మీద పెట్టాడు.

మొదటి పెట్టె మీద మేడంత మరమనిషి, దాని గుండెలో కూర్చుని నడిపే పైలట్లు. రెండోదాని మీద పగలు పాఠాలు వింటూ, బడి వదిలాక మంత్రాలతో పోరాడే స్కూలు పిల్లలు. మూడోదాని మీద లాంతరు పట్టుకున్న అమ్మాయి, ఆమె భుజం వెనక తెల్లగా మరో ఆకారం. ఆ ఆటలో చనిపోయినవాళ్లు తోడు ఆత్మలై మనుషుల పక్కనే ఉంటారు. ఎప్పటికీ వదిలిపోరు.

అక్క మూడోదే అనేసుకుంది. పైకి మాత్రం పెద్దమనిషిలా, "ఒక్కోదాంట్లో ఓ చిన్న ముక్క ఆడి చూద్దాం. ఇదా, అదా, ఏది బాగుందో మీరే చెప్పండి" అంది, కళ్ల పరీక్షలో అద్దాలు మార్చి మార్చి అడిగినట్టు. మిగతా రెండు ఆటల్లో చిట్టికి చోటు లేదు. చోటు లేకపోతే ఆ గొంతు ఆగిపోతుంది. ఒకసారి పోగొట్టుకున్న మనిషిని రెండోసారి పోగొట్టుకునే ఓపిక అక్కకి లేదు.

టేబులు మధ్యలో ఎప్పటిలాగే ఆ అట్టముక్క ఉంది. చిట్టి చేసిందే. ఒకసారి గుహలోకి నీళ్లు పొంగుతున్నాయని గుండు వర్ణిస్తుంటే ఆమె మొహం పాలిపోయింది. మర్నాడు లెన్సుల డబ్బా అట్ట కత్తిరించి, గోళ్ల రంగుతో అడ్డంగా రెండు ఎర్ర గీతలు కొట్టి తెచ్చింది. "కథ ఎవరికైనా భరించలేనట్టుంటే దీన్ని ముట్టుకోండి. ముట్టుకుంటే ఆ ముక్క అక్కడితో ఆపేయాలి. ఎందుకని అడగకూడదు" అంది. దాన్ని వాడింది కూడా ఆమే. ముట్టుకోవడం కూడా నాజూగ్గా కాదు. ఒక మూలని బొటనవేలితో గట్టిగా అదిమితే ఎదుటి మూల పైకి లేచేది. నీళ్లంటే ఆమెకి అంత భయం ఎందుకో ఇప్పటికీ ఎవరికీ తెలియదు. అడగకూడదు కాబట్టి అడగలేదు.

మరమనుషుల ఆట మొదలైంది.

"పైలట్ గారూ, మీ మరమనిషి ఇసుకలో కూరుకుపోయింది" అన్నాడు గుండు. "రేడియోలో గరగరమని చప్పుడు. ఎవరో పిలుస్తున్నారు."

పిలిచేదెవరో వాడు చెప్పకముందే అక్క చిట్టి గొంతుతో అందుకుంది. "హలో, నేనే. భయపడకండి, నేనున్నాగా!"

మరిది కుర్చీలో ముందుకు జరిగాడు. గుండు పాచికల కోసం చెయ్యి చాపి ఆగాడు. అట్టముక్క టేబులు మధ్యలో లేదు. నాలుగో కుర్చీ ముందుంది.

"ఫ్యాను గాలి" అంది అక్క. లేచి ఫ్యాను కట్టేసి, అట్టని మధ్యలోకి జరిపింది.

ఫ్యాను ఆగాక గది మరీ నిశ్శబ్దమైపోయింది. ఎదురుగోడకి నిలువుటద్దం ఉంది. వెనక గోడమీద తిరగేసి రాసిన అక్షరాలు, పరీక్షకి వచ్చినవాళ్లు ఆ అద్దంలో చూసి చదవాలి. ఇప్పుడు ఆ అద్దంలో అక్షరాల కింద ముగ్గురు మనుషులు, నాలుగు కుర్చీలు కనబడుతున్నాయి. అక్క అటు చూడడం మానేసింది.

రెండో పెట్టె విప్పారు. ఈసారి అక్క అట్టముక్క మీద పరీక్ష ఫ్రేము పెట్టింది. లెన్సులు మార్చడానికి వాడే ఇనప కళ్లజోడు అది, ముక్కు మీద పెట్టగానే ఆ బరువుకి పెద్దవాళ్లు కూడా బాబోయ్ అంటారు.

"క్లాసులోకి కొత్తమ్మాయి వచ్చింది" అన్నాడు గుండు, కాస్త ఆలోచించి. "పేరు..."

"నన్నెవరూ పరిచయం చెయ్యక్కర్లేదు. ఇక్కడే, మీ పక్కనే కూర్చుంటా" అంది అక్క, చిట్టి గొంతుతో.

మరిది నవ్వాడు. నవ్వుతూనే టేబులు వైపు చూసి నవ్వు మింగేశాడు. ఇనప ఫ్రేము పెట్టినచోటే ఉంది. అట్టముక్క దాని కింద లేదు. నాలుగో కుర్చీ ముందు, టేబులు అంచుకి సర్దినట్టుగా ఉంది.

"ఒరేయ్ గుండూ, వేళాకోళానికైనా ఓ హద్దుంటుంది" అంది అక్క.

"ఒట్టక్కా, నేను ముట్టుకోలేదు. నా రెండు చేతులూ ఇక్కడే ఉన్నాయి, చూడు." గుండు చేతులు ఎత్తి చూపించాడు. అంత పెద్ద బస్సుని సందుల్లో తిప్పే చేతులు. "ఒక మాటంటా, కోప్పడకు. చిట్టి మనతో ఇంత మెత్తగా ఎప్పుడు మాట్లాడిందక్కా? నా పాత్ర చచ్చిపోతుంటే పక్కన కూర్చుని బిస్కెట్లు తిన్న పిల్ల అది. పోట్లాడకుండా ఒక్క ఆదివారమైనా ఇంటికెళ్లిందా? నువ్వు ఆడించే చిట్టి 'నేనున్నాగా, నేనున్నాగా' అంటుందే తప్ప ఇంకో మాట అనదు."

అక్కకి ఒళ్లు మండిపోయింది. "నువ్వు నీ బస్సు సంగతి చూసుకో. నా చెల్లెలు ఎలా మాట్లాడేదో నువ్వా నాకు చెప్పేది?"

మరిది మెల్లగా, "వదినా, ఇవాళ్టికి ఆపేద్దామా?" అన్నాడు.

"ఒక్కటే మిగిలింది" అంది అక్క. మూడో పెట్టె తనే విప్పింది. అట్టముక్కని మధ్యలో పెట్టి, దాని మీద ఏమీ పెట్టలేదు. ఎవరి చెయ్యో ఈసారి పట్టుకుని తీరాలనుకుంది. ఇద్దరినీ ఒకేసారి చూడాలంటే అద్దమే దారి. ఇష్టం లేకపోయినా అటు తిరిగి కూర్చుంది.

"సాయంత్రం. కొండదారి" అన్నాడు గుండు. వాడి గొంతులో పస లేదు. "లాంతరు పట్టుకున్న మనిషి ఒంటరిగా నడుస్తున్నాడు. భుజం వెనక చల్లగా ఏదో తగిలింది."

ఆ మనిషి మరిదే. గుండు చెప్పిన దారి, కొండ అతనికి వినబడినట్టు లేదు. "చిట్టీ" అన్నాడు, అక్క వైపు కాకుండా నాలుగో కుర్చీ వైపు చూస్తూ. "నాతోనే ఉంటావా? ఎక్కడికీ వెళ్లవుగా?"

ఆ ప్రశ్నలో ఆట లేదు. చెప్పాల్సిన మాట అక్క నోటిదాకా వచ్చింది.

"ఉంటాను. ఎప్పటికీ నీ..."

అద్దంలో మరిది చేతులు రెండూ ఒళ్లో ఉన్నాయి. గుండు పిడికిళ్లలో పాచికలు ఉన్నాయి. అక్క చేతులు లాంతరమ్మాయి పెట్టె మూత మీద ఉన్నాయి. టేబులు మధ్యలో అట్టముక్క కదిలింది. గాలికి కదిలినట్టు కాదు. నిదానంగా జరిగి నాలుగో కుర్చీ ముందుకెళ్లి ఆగింది. తర్వాత దాని ఒక మూల టేబులుకి అదిమినట్టు అతుక్కుంది. ఎదుటి మూల పైకి లేచింది.

అక్క తల తిప్పి నేరుగా చూసింది. కుర్చీ ఖాళీగా ఉంది. అట్ట మూల ఇంకా పైకి లేచే ఉంది. ఆ అదుముడు అక్కకి తెలుసు. చిన్నప్పుడు తను అబద్ధమాడితే చెల్లెలు తన చేతి మీద ఇలాగే బొటనవేలితో నొక్కి పెట్టి, నిజం చెప్పేదాకా తీసేది కాదు.

బయట రోడ్డు మీద హారన్లు ఎక్కడో దూరంగా వినిపిస్తున్నాయి.

మరిది ఖాళీ కుర్చీ వైపు వంగాడు. "చిట్టీ... ఎందుకు..."

"వద్దు!" అక్క అతని మణికట్టు గట్టిగా పట్టుకుంది. ఆ అరుపు చిట్టి గొంతు కాదు, అక్క సొంత గొంతు. ఏడాదిగా 'చిట్టీ' అన్న పిలుపుకి ఆ గదిలో ఎన్నడూ బదులు పలకనిది. "అడగకూడదు. అది పెట్టిన రూలు అదే. ఆపమంటే ఆపేయాలి, అంతే."

మరిది టేబులు మీద తల వాల్చి ఏడ్చాడు. ఆస్పత్రి రోజున కూడా అతను అలా ఏడవలేదు. అక్క ఏడ్చింది. గుండు ఏడవకుండా ఉండడానికి పాచికలు ఎంచుతూ కూర్చుని, కాసేపటికి వాడూ ఏడ్చాడు.

ముందుగా లేచింది అక్కే. లాంతరమ్మాయి పెట్టెకి మూత పెట్టి పక్కకి జరిపింది. నాలుగో కుర్చీ దగ్గరికి వెళ్లి, దాని వీపు మీద చెయ్యి వేసింది. చల్లగా ఉంది, అన్ని కుర్చీల్లాగే. "ఇన్నాళ్లూ నా మాటలన్నీ నీ నోట్లో కుక్కానే, పిచ్చిమొద్దుని" అంది పైకే. "ఇక చెయ్యను." కుర్చీని ఎత్తి పట్టుకెళ్లి ముందు గదిలో, కళ్లజోళ్లకి వచ్చేవాళ్లు కూర్చునే వరసలో కలిపేసింది. తిరిగొచ్చేసరికి టేబులు మీద అట్టముక్క మామూలుగా, నాలుగు మూలలూ ఆనించి పడుంది. దాన్ని తీసి మధ్యలో పెట్టింది.

"మరి ఏ ఆట, వదినా?" అన్నాడు మరిది, మొహం తుడుచుకుంటూ.

"మరమనిషిది. ముగ్గురు కూర్చుంటేనే కదులుతుందట, పెట్టె మీద రాసుంది" అంది అక్క. "బాబోయ్, ఏం ఉక్క. ఆ ఫ్యాను వెయ్యరా."

గుండు లేచి స్విచ్చి నొక్కాడు. ఫ్యాను గిర్రున తిరగ్గానే టేబులు మీది కాగితాలన్నీ ఒక్కసారిగా లేచి గదంతా చెల్లాచెదురయ్యాయి. మరిది వాటి వెంటపడ్డాడు. పెట్టె మూత కూడా జారి కింద పడింది.

గాలికి నిలవలేని ఆ పల్చటి అట్టముక్క మాత్రం, పెట్టినచోటు నుంచి కదల్లేదు.