కారు తాళాలు

షానా మళ్లీ కారు తాళాల కోసం వెతుక్కుంటోంది. సంచీ బోర్లించింది, కుర్చీ కింద వంగి చూసింది.

"నా తల మెడకి అతుక్కుని ఉండబట్టి గానీ, లేకపోతే దాన్నీ ఎక్కడో పారేసుకునేదాన్ని" అంటూ తన మీద తనే నవ్వుకుంది.

హాలీవుడ్‌కి దగ్గర్లోని శాంటా క్లారిటాలో, అద్దె ఇంట్లో సినిమా షూటింగు. అక్కడి చట్టం ప్రకారం సెట్టు మీద పిల్లలుంటే టీచరు ఉండి తీరాలి. పాఠం చెప్పడమే కాదు, పిల్లకి హాని అనిపిస్తే పని ఆపించే అధికారమూ ఆమెదే. ఆపించిన టీచర్ని మళ్లీ ఎవరూ పిలవరు. ఈ సెట్టు మీద టీచరు నోరీన్. ఆమెకి అది బాగా తెలుసు.

షానా కూతురు పైపర్‌కి ఆరేళ్లు, ఈ సినిమాలో నటిస్తోంది. పక్కగదిలో నోరీన్ ఎదురుగా కూర్చుని ఒంటిచేత్తో కూడికలు చేస్తోంది.

"రెండో చెయ్యి కూడా బల్ల మీద పెట్టు తల్లీ."

పెట్టింది. గుప్పిట్లో తాళాలు. అరచేతిలో వాటి అచ్చు ఎర్రగా దిగింది.

"ఇవి నా దగ్గరుంటే మమ్మీ వెళ్లలేదుగా" అంది పైపర్.

"మమ్మీ ఎందుకెళ్తుంది?"

"నేను ఏడవకపోతే వదిలేసి వెళ్లిపోతుందట. గ్రాంట్ చెవిలో చెప్పాడు. ఎవరికీ చెప్పకూడదన్నాడు."

పొద్దున టేకుకి ముందు దర్శకుడు గ్రాంట్ ఈ పిల్ల చెవిలో ఏదో ఊదాడు. మరుక్షణం పిల్ల వెక్కి వెక్కి ఏడ్చింది. అందరూ చప్పట్లు కొట్టారు. నోరీన్ చేతులూ వాటంతటవే ఆ చప్పట్లలో కలిశాయి.

ఆమె లేచి గ్రాంట్ దగ్గరికి వెళ్లింది. "పైపర్ ఇంక చెయ్యదు. ఆపండి."

"ఒక్క క్లోజప్పు మేడం! ఆ ఏడుపు చూశారుగా!"

"చూశాను. అందుకే ఆపమంటున్నా."

"కన్నతల్లికి లేని బాధ మీకెందుకండీ? పిల్ల చెవిలో వేసిన ఆ మాట నాకు చెప్పిందే ఆవిడ."

నోరీన్ షానా వైపు తిరిగింది.

"ఉత్తినే అంటాం" అంది షానా, సంచీ సర్దుకుంటూ. "పళ్లు తోముకోకపోయినా అదే అంటాను. దెబ్బకి పనవుతుంది. నేనెప్పుడైనా వెళ్లానా ఏంటి?"

గ్రాంట్ మీద షానాకి కోపం వస్తుందేమోనని నోరీన్ ఒక్క క్షణం చూసింది. రాలేదు. "ఈరోజుకి పైపర్ పని అయిపోయింది" అని అందరికీ వినబడేలా చెప్పింది. దీపాలు ఒక్కొక్కటే ఆరాయి. మూల నుంచి ఎవరో "హమ్మయ్య, భోజనం" అన్నారు.

పైపర్ గుమ్మంలోకి వచ్చి నిలబడింది.

"నీ దగ్గరున్నాయా, దొంగా! ఇటివ్వు" అని షానా చెయ్యి చాచింది.

పైపర్ తాళాలు నోరీన్ చేతిలో పెట్టింది. "నేను బెల్టు పెట్టుకున్నాక ఇవ్వండి."

నోరీన్ వాళ్ల వెంట నడిచి కారు తలుపు తీసింది. పైపర్ వెనక సీట్లో ఎక్కి, బెల్టు బిగించుకుని, తలూపింది. అప్పుడు నోరీన్ తాళాలు షానాకి ఇచ్చింది. అవి ఇంకా వెచ్చగానే ఉన్నాయి.

"రేపు కూడా మీరే పట్టుకుంటారా?" అంది పైపర్.

"రేపు ఇంకో టీచరొస్తుంది. తాళాల సంగతి ఆవిడకీ చెప్పు. గ్రాంట్ వద్దన్నా చెప్పు."

డైలాగు కంఠస్థం చేస్తున్నట్టు పైపర్ పెదాలు కదిపింది. నోరీన్ తలుపు వేసింది.