పోస్టర్ మీద మొదటి పేరు

ముప్పై ఏళ్లు సినిమాల్లో ఉన్నాను. వెయిటర్‌గా, పోలీసుగా, చర్చి ఫాదర్‌గా, ఒకసారి శవంగా కూడా. పారిస్‌లో నన్ను చూసి గుర్తుపట్టినవాడు లేడు. మా బిల్డింగ్ కాపలా ఆవిడ ఇప్పటికీ నన్ను గ్యాస్ కంపెనీ మనిషే అనుకుంటుంది. మా ఊరు తియేర్‌లో మాత్రం నేనే హీరోని. అక్కడ సినిమా హాలు నడిపే మదాం దెల్మాస్ పోస్టర్లు తన చేత్తోనే రాసి, అసలు హీరో పేరుకు పైన 'అన్సెల్మ్ షసేన్' అని నా పేరు పెద్దక్షరాలతో వేసేది. ఆ తల్లి మేలు ఈ జన్మకు మరిచిపోలేను.

నాన్న మాత్రం చాలా ఏళ్లు నా సినిమా ఒక్కటీ చూడలేదు. ఆయన కత్తులకు సాన పట్టే మనిషి. వాగు పక్కన చెక్క మీద బోర్లా పడుకుని, తిరిగే సానరాయి మీదికి వంగి నలభై ఏళ్లు బతికాడు. పదహారేళ్లకు నేను ఆ పని వదిలి పారిపోతే, "వేషాలేసేవాడు నా కొడుకెలా అవుతాడు?" అని నలుగురిలో అనేశాడు. ఆ మాట నన్ను పదమూడేళ్లు పొడుస్తూనే ఉంది.

1954లో నాకు ఏకంగా ఆరు డైలాగులు దొరికాయి. హోటల్లో హీరో ముందు కాల్చిన కోడిని ముక్కలు కోస్తూ, అతని పెళ్లాం ఎవరితో వెళ్లిపోయిందో చెప్పే వెయిటర్ వేషం. సంబరం ఆగక నాన్నకు ఉత్తరం రాశాను. ఆదివారం మధ్యాహ్నం ఆటకు వస్తానని కబురు చేశాడు.

రైలు దిగి హాలుకు పరుగెత్తాను. గుమ్మంలోనే మదాం దెల్మాస్ ముఖం వాడిపోయి ఉంది.

"పొద్దున రీలు వేసి చూశాను బాబూ. నీ మాటలన్నీ కోసేశారు. ముఖం కూడా లేదు. ఉత్త చేతులే."

"నాన్న వచ్చాడా?"

"రావడమా! పెళ్లినాటి కోటు తొడుక్కుని మూడో వరసలో కూర్చున్నాడు. సాన పట్టేవాళ్లందర్నీ వెంటేసుకొచ్చాడు."

"మిషను పాడైందని చెప్పి ఆట ఆపెయ్యండి మదాం."

"ఆపేస్తాలే. మళ్లీ వస్తాడంటావా మీ నాన్న?"

రాడు. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు.

"వేసెయ్యండి" అన్నాను. మధ్యలో జారుకోవచ్చని వెనక గోడకు ఆనుకుని నిలబడ్డాను.

హోటల్ సీను వచ్చింది. తెర నిండా హీరో ముఖమే. కింద ఓ మూల రెండు చేతులు కోడి తొడ కోస్తున్నాయి. పరువు పోయింది, ఇక తలుపు దారి చూసుకుందామనుకున్నాను.

"ఒరేయ్ వెధవా! బొటనవేలు పదును ముందు పెట్టకురా! ఎన్నిసార్లు చెప్పాను నీకు!"

నాన్న లేచి నిలబడి తెర మీదికి కేకలేస్తున్నాడు. హాలంతా గొల్లున నవ్వింది.

"ఏంటయ్యా, అది మన అన్సెల్మేనా?" అన్నాడు పక్కనున్న ముసలాయన.

"వాడు కాక ఇంకెవడు? చిన్నప్పట్నుంచీ అంతే, గాడిద. వేలు తెగుద్దిరా అంటే వినడు. నా కొడుకు కాదూ, నాకు తెలీదూ!"

ఎవరో చప్పట్లు కొట్టారు. తర్వాత అందరూ కొట్టారు. ఆ గోలలో హీరోగారి మాట ఒక్కటీ వినిపించలేదు. నా డైలాగులు కోసినవాడికి కూడా మనసులోనే దండం పెట్టుకుని, గోడ పక్కనే నిలబడి ఏడ్చాను.

దీపాలు వెలిగాక నాన్న నా దగ్గరికొచ్చాడు. నా కుడిచేయి తీసుకుని, వేళ్లన్నీ బాగానే ఉన్నాయో లేదో ఒక్కొక్కటే తడిమి చూశాడు.