ఆశమ్మ చూచిన మట్టము

మాఘమాస ప్రభాతమున మంచుతెర మెల్లమెల్లగా విడుచుండగా భాగ్యనగర పశ్చిమప్రాంతమున నిన్నమొన్నటిదాక నల్లరాతిగుట్టలు నిలిచిన తావుల నేడు వెలసిన గగనచుంబిసౌధములు బాలభానుకిరణములను తొలుత తామే యందుకొనుచుండెను. ఈ నగరమునకు నిలుకడ యనుమాట గిట్టదు. ఇరువదేండ్ల క్రిందట కట్టిన సినిమాహాలును కూల్చి యచ్చటనే యిరువదియంతస్తుల భవనము నెత్తుచుండిరి. ఆ హాలునకును ఈ భవనమునకును ఇటుకలు మోసినది పాలమూరు కూలి ఆశమ్మయే.

ఆడుది తట్ట మోయవలెను మగవాడు తాపీ పట్టవలెను అనునది ఆ పనివారి కట్టుబాటు. తాపీ పట్టవలెనని ఆశమ్మకు ఏండ్లనాటి కోరిక. మేస్త్రి ఉసేనప్ప మట్టము చూచునపుడు నీరు నింపి రెండుకొనల యెత్తు సరిచూచు పైపు రెండవకొన పట్టి నిలుచుటవరకే యామెకు దక్కిన భాగ్యము. అయినను ఆమె కన్నులు మూసికొని నిలిచినది కాదు సుమా!

ఆనాడు పదునాలుగవ అంతస్తు కప్పునకు కాంక్రీటు పోయవలసియుండెను. నిన్న నింపిన పైపుతోనే ఉసేనప్ప స్తంభములపై ఎఱ్ఱగీతలు గీసి వాని ననుసరించి కప్పును మోయు సెంట్రింగు చెక్కలు బిగింపించి యుండెను. క్రింద కాంక్రీటు బండ్లు ఘూర్ణిల్లుచుండగా ఆశమ్మ స్తంభముల నడుమ ఇంకను కట్టియున్న ఆ పైపు మడతలో చిక్కిన గాలిబుడగను చూచెను.

“మేస్త్రీ, పైపుల గాలి జిక్కింది. గీత తప్పింది. కాంక్రీటు పొయ్యనియ్యకు.”

“ముప్పై ఏండ్ల సంది మట్టం జూస్తున్న. తట్ట మోసేదానివి, నాకే జెప్తవా?”

“నా మాట తప్పయితే రేపటి సంది ఈ పనికే రాను. ఒక్కపారి జూడు.”

ఇట్లు పలికి యామె పైపు నెత్తి వ్రేలితో తట్టెను. బుడగ పైకి ప్రాకి వెడలిపోయెను. ఈకొన నీటిని గీతకు సరిపెట్టగా ఎదుటికొనయందలి నీరు ఎఱ్ఱగీతకు రెండంగుళములు దిగువకు జాఱి నిలిచెను.

ఉసేనప్ప సిగ్గుపడెను గాని కుత్సితుడు కాడు. నడుమున దోపుకొన్న తాపీ తీసి యామె చేతిలో నుంచెను.

“నా తప్పే, ఆశమ్మా. గీతలు నువ్వే దిద్దు. గోడ గూడ నువ్వే కట్టు.”

గీతలు దిద్ది చెక్కలు మరల బిగించి కాంక్రీటు పోసిన మూడువారములకు చెక్కలు తీసిరి. కప్పు నిలిచిన నీటివలె సమముగా నుండెను. దాని క్రింద గోడకు తొలియిటుక నాశమ్మ పెట్టుచుండగా తోడికూలి యొకతె తట్ట దించి మేలమాడెను.

“ఇది గూడ ఎప్పుడో కూలగొడ్తరే, అక్కా!”

ఆశమ్మ పకపక నవ్వి యిటుకపై తాపీతో టకటక కొట్టెను.

“కొట్టనీయే. మళ్ల గడ్తం. అప్పుడు నీ చేతిల గూడ తాపీ ఉంటది.”