ఒకే పెన్నుతో రెండేళ్లు

వీధిలో అందరికీ ఆవిడ బేకరీ అక్క. పదేళ్లు పొయ్యి దగ్గర పనిచేసి, ఫిట్స్ మొదలయ్యాక ప్యాకింగ్ బల్ల దగ్గరికి మారింది. మారమని ఎవరూ చెప్పలేదు, తనే వెళ్లి యజమానిని అడిగింది. అంత బుద్ధి ఉన్న మనిషి కోర్టు దగ్గరికొచ్చేసరికి అన్నయ్య మాట విని ఎంత పని చేసిందో చూడండి.

విడిపోయిన భర్త, ఏడేళ్ల కూతుర్ని తనకప్పగించమని కేసు వేశాడు. ఎప్పుడు పడిపోతుందో తెలియని మనిషి దగ్గర పిల్లనెలా ఉంచుతామని అతని వాదన. దుర్మార్గుడనడానికి లేదు. భయపడ్డాడు, ఆ భయంతోనే వకీలు దగ్గరికి వెళ్లాడు.

డాక్టరు చెప్పిన నాటి నుంచి ఆమె రోజూ ఒక పుస్తకంలో రాసుకునేది: వేసుకున్న మాత్రలు, పడుకున్న గంటలు, ఫిట్స్ వస్తే ఆ వివరం. అన్నయ్య అది తిరగేసి గతుక్కుమన్నాడు.

"రెండేళ్లలో పదకొండు సార్లా? ఇది చూపిస్తే పిల్లని చేజేతులా వాళ్లకిచ్చినట్టే. కొత్త పుస్తకం కొని మళ్లీ రాయి. మూడు చాలు."

"తప్పు కదన్నయ్యా?"

"నీకు పిల్ల కావాలా, వద్దా?"

అలా అడిగితే ఏ తల్లి ఎదురు చెబుతుంది? రెండు ఆదివారాలు కూర్చుని రెండేళ్లూ రాసిపారేసింది.

కోర్టులో జడ్జిగారు కొత్త పుస్తకం నాలుగు పేజీలు చూసి, కళ్లజోడు సవరించుకున్నారు.

"రెండేళ్లూ ఒకే పెన్నుతో రాశావా అమ్మా? ఒక్క కొట్టివేత కూడా లేదే."

ఆమె పై ప్రాణాలు పైనే పోయాయి. వెనక బెంచీలో అన్నయ్య నేలచూపులు చూస్తున్నాడు. ఏదో ఒకటి చెప్పి తప్పించుకుందామని నోరు తెరిచింది కానీ, అబద్ధం అలవాటు లేని నోరాయె.

"ఇది మొన్న రాసిందండీ. అసలుది సంచిలో ఉంది. రోజూ రాయాలి కదా, వెంటే ఉంచుకుంటాను."

"ఎనిమిది సార్లు దాచిందండీ," అని ఆమె తీసిచ్చిన పుస్తకాన్ని కొత్తదానితో పోల్చి చూసి అవతలి వకీలు అందుకున్నాడు. జడ్జిగారు చేత్తోనే ఆగమని సైగ చేసి, పిండి మరకల ఆ పాత పుస్తకం మొదటి నుంచి చివరి దాకా చదివారు. ప్రతి ఫిట్స్ పక్కనా ఒకటే తీరు. 'తల తిరిగినట్టయింది. స్టవ్ ఆపాను. పక్కింటి పిన్నిని పిలిచాను. పిల్ల పిన్ని దగ్గర అన్నం తిని పడుకుంది.' గడిచిన ఏడు నెలల్లో వచ్చింది ఒక్కసారే.

"దాచడం తప్పు. ఇంకోసారి చేస్తే ఊరుకోను," అన్నారు జడ్జిగారు. "జబ్బు ఉందా లేదా అన్నది కాదమ్మా నేను చూసేది. అది వచ్చినప్పుడు పిల్లని ఎవరు చూశారన్నది. ఇందులో ప్రతిసారీ చూసినవాళ్లున్నారు."

పిల్ల తల్లి దగ్గరే ఉండాలని, శని ఆదివారాలు తండ్రి దగ్గరికి వెళ్లాలని తీర్పు వచ్చింది. ఒక్క షరతు పెట్టారు. ఫిట్స్ వస్తే ఆ రోజే తండ్రికి చెప్పాలి. అది వినగానే ఆమె సంతోషం సగం ఆవిరైపోయింది.

మూడో వారం, మంగళవారం సాయంత్రం బట్టలు మడతపెడుతుంటే వచ్చింది. తెలివొచ్చేసరికి పిన్ని పక్కనే ఉంది. ఫోన్ చేతిలో పట్టుకుని అరగంట కూర్చుంది. చెప్పకపోతే ఎవరికి తెలుస్తుంది? చెబితే అతను మళ్లీ కోర్టుకెక్కడా? చివరికి అతని నంబరు నొక్కేసింది.

"వచ్చింది. ఇప్పుడు బానే ఉన్నాను."

అతను పావుగంటలో వచ్చేశాడు. కూతురి పక్కన కూర్చుని లెక్కలు చేయించాడు. తర్వాత లేచి బడిసంచి చేతిలోకి తీసుకున్నాడు. పిల్లని తీసుకెళ్లిపోతాడనే అనుకుంది ఆమె.

అతను పుస్తకాలు అందులో సర్ది, సంచి గోడకి ఆనించి పెట్టాడు.

"రేపు బడికి నేను దింపుతాలే. నువ్వు పడుకో."

"ఏడున్నరకల్లా రావాలి నాన్నా," అంది కూతురు.

"వస్తానమ్మా," అని చెప్పులేసుకుని, అతను ఒక్కడే మెట్లు దిగి వెళ్లాడు.