టైపు రాని పిటిషనర్

చిక్కడపల్లి సందులో విద్యావతి జాబ్ టైపింగ్ చేసే గది పట్టుమని పదడుగులు కూడా లేదు. 1996 వేసవిలో ఓ మధ్యాహ్నం, ప్రభుత్వ వకీలు దగ్గర గుమాస్తాగా చేసే రాఘవేందర్ చేతిరాత కాగితాలు తెచ్చి బల్ల మీద పెట్టాడు.

"అక్కా, హైకోర్టు కేసుల గవర్నమెంటు తరఫు కౌంటరు, జవాబు. జల్ది కొట్టాలె. మొదటి పేజీ సారు దగ్గరుంది, తెస్త," అని పోయాడు.

టైపు కొట్టేవాళ్లకు అక్షరాలు కనిపిస్తాయి తప్ప అర్థం కనిపించదు. రెండో పేరాలో తేదీలు కొడుతుంటే మాత్రం విద్యావతి వేళ్లు ఆగిపోయాయి. అవి తాను ఒక సర్కారు ఆఫీసులో రోజుకూలీ టైపిస్టుగా చేసిన పదకొండు నెలలు. ఆ జీతం ఇప్పించమనే కదా తను హైకోర్టుకెక్కింది!

'పిటిషనర్ మా ఆఫీసులో ఎన్నడూ పనిచేయలేదు. ఆమెకు అసలు టైపే రాదు.'

పనిచేయలేదంటారని ఆమెకు ముందే తెలుసు. కానీ టైపు రాదట! ఆ ఆఫీసు ఉత్తరాలు కట్టలకు కట్టలు కొట్టి వేళ్లు అరగదీసుకున్న మనిషికి టైపు రాదట! పళ్లు బిగబట్టి ఆ వాక్యాన్ని కూడా కొట్టింది, ఒక్క అక్షరం పొల్లుపోకుండా.

రాఘవేందర్ మొదటి పేజీతో వచ్చి, కొట్టిన కాగితాలు తిరగేసి మురిసిపోయాడు.

"ఒక్క తప్పు లేదు! నీ లెక్క టైపు కొట్టెటోళ్లు చిక్కడపల్లి మొత్తంల లేరక్కా."

విద్యావతి ఆ పేజీ అందుకుని పిటిషనర్ పేరు మీద వేలు పెట్టింది.

"గీ విద్యావతిని నేనే, తమ్మీ. నువ్విప్పుడన్న మాట గూడ కొడ్త. జర సంతకం పెట్టు."