తిప్పమ్మ అనే ఉండాల

తడి బూడిద వాసన. పేడ వాసన. మధ్యలో పాల వాసన.

ఊరి చెత్తతిప్ప మీద, చిరిగిన చీరముక్కలో నా బిడ్డ...

నా భార్య చౌడేశ్వరికి పుట్టింట్లో నాలుగో కాన్పు. ముందు ముగ్గురూ ఏడాది నిండకుండానే పోయారు.

అందుకే మా అత్త మునెమ్మ బిడ్డను చెత్త మీద పడుకోబెట్టింది. చేటెడు తవుడు నాకిచ్చి కొనుక్కుంది. ఇది మీది కాదు, తిప్పలో దొరికింది అంది. తిప్పమ్మ అని పిలిచింది.

అంత తక్కువ పేరున్నదాన్ని చావు కూడా ముట్టదట.

నేను దేన్నీ నమ్మే మనిషిని కాను. నమ్మి బాగుపడిందీ లేదు.

అయినా తవుడు తీసుకున్నాను.

అది యాభైయేడో సంవత్సరం. వానలేని ఏడు. గాలి మాత్రం ఉండేది — ఎర్రగా, పొడిగా.

మూడో నెలలో బిడ్డ పుట్టుక రాయించడానికి పెనుకొండ ఆఫీసుకు పోయింది నా బావమరిది శ్రీనివాసులు. హిందూపురంలో చదివినవాడు. పని కాగానే ధర్మవరంలో నా మగ్గం దగ్గరికి వచ్చాడు.

"ఏం పేరు రాపించినావురా?"

"అమ్మ చెప్పిందే బావా."

నా మొహం చూడకుండా అన్నాడు.

మరునాడే మగ్గం ఆపి పెనుకొండ రైలెక్కాను. కిటికీలోంచి గాలి. తొడ మీద వేలితో రాసుకుంటూ పోయాను — మూడో తరగతిలో బడి మానేసిన వేలు.

తి... ప్ప... మ్మ...

ఆఫీసులో గుమాస్తా శంకరప్ప పుస్తకం తెరిచాడు.

"త్రిపురసుందరి," అని చదివాడు.

"అది కాదు సామీ. తిప్పమ్మ అనే ఉండాల."

"ఏమప్పా, ఇంత మంచి పేరు తీసేసి తిప్పమ్మ అంటావా? రేపు బడిలో పిల్లోళ్లు ఎగతాళి చేసి నగరా?"

"నగనీ సామీ. అంతవరకూ బతికుంటే సాలు."

ఆయన తలెత్తాడు.

"పోయినోళ్ల పుస్తకం కూడా చూడు సామీ. మావి మూడు ఉంటాయి."

చూశాడు. నీలావతి. రాజేశ్వరి. సత్యభామ.

అన్నీ మంచి పేర్లే. ఒక్క అక్షరం తప్పు లేదు. ఆ పుస్తకంలో తప్పులు రావు.

శంకరప్ప పుట్టుకల పుస్తకం మళ్లీ ముందుకు లాక్కున్నాడు. మంచి పేరు మీద ఎర్ర గీత గీశాడు. పైన రాసి, పుస్తకం నావైపు తిప్పాడు.

వేలు పెట్టి చూశాను. తకు గుడి. పకు ప వత్తు. మకు మ వత్తు.

సరిగ్గా ఉంది.

కానీ గీత వెనక ఆ పేరు — ఇంకా కనిపిస్తోంది.

"పూర్తిగా చెరిపెయ్యి సామీ."

"రికార్డులో చెరపకూడదప్పా. కొట్టేసేదే."

సాయంత్రం అత్తగారింటికి చేరేసరికి శ్రీనివాసులు గడపలో నిలబడి ఉన్నాడు.

"తిట్టు బావా. నా మేనకోడల్ని చెత్త అని పిల్చేకి నాకు నోరు రాలా."

తిట్టలేకపోయాను. నాకు మాత్రం వస్తోందా...

గాలి ఆగింది. చౌడేశ్వరి బిడ్డను నా ఒళ్లో పెట్టింది.

"తిప్పమ్మా," అన్నాను.

నవ్వింది. పళ్లులేని నోరంతా నవ్వు.

ఆ నవ్వుకు, ఎర్ర గీత వెనకున్న పేరు లోపలినుంచి లేచింది. గొంతు దాటింది. నాలుక చివరకొచ్చి నిలబడింది.

పళ్లు బిగించాను.

బిడ్డ ఇంకా నా నోటివైపే చూస్తోంది...